రాని బిల్లుల లాయరు

ప్రభుత్వానికి రోడ్డో, వంతెనో, బడి గోడో కట్టిపెట్టి, చేసిన పనికి డబ్బు అందక తిరిగేవాళ్ల తరఫున వాదించడం నా వృత్తి. కలకత్తా హైకోర్టులో మొదలుపెట్టాను. అక్కడే జుట్టు నెరిసింది. మోకాళ్లు మెట్లు ఎక్కనివ్వక కిందటేడు మానేశాను.

న్యూ టౌన్‌లో నేనుండే అపార్ట్‌మెంట్లోనే హారిక అని వరంగల్ అమ్మాయి ఉంటోంది. లా చదివి, ఇదే రకం కేసులు చూసే ఆఫీసులో ఈ మధ్యే చేరింది. ఒకరోజు లిఫ్టులో నేను ఫోన్లో తెలుగు మాట్లాడటం విని పలకరించింది. తర్వాత ఇంటికొచ్చి, "సెక్షన్లన్నీ చదివిన ఆంటీ. అవి కాకుండ ఈ పని ఎట్లుంటదో చెప్పండి" అని అడిగింది. చెప్పబోతే ముందుది వెనక, వెనకది ముందు అయిపోయింది. అందుకని రాసిస్తున్నాను. ఎన్నో కేసులు చూశాను గానీ, ఒక్క కేసు చెబితే ఈ పనంతా చెప్పినట్టే. అది సింహాచలం అన్న కేసు.

‘పరే’ అనే మాట

ముందు నా సంగతి కొంచెం చెప్పాలి. మా నాన్న కలకత్తా పక్కన సంత్రాగాఛి యార్డులో రైలు పట్టాలు మార్చే పాయింట్స్‌మన్. పలాస దగ్గర పల్లె నుంచి ఉద్యోగానికి వచ్చి రైల్వే క్వార్టర్స్‌లో ఉండిపోయారు. వీధిలో బెంగాలీ, బడిలో హిందీ, ఇంగ్లీషు. ఇంట్లో మాత్రం ఆ పల్లె తెలుగే. అక్షరాలు నాన్నే నేర్పారు. ఊరి నుంచి ఎవరైనా వస్తే పాత వారపత్రికలు తెమ్మని చెప్పి, వాటితో చదివించేవారు. నేను పెళ్లి చేసుకోలేదు. దాని వెనక కథేమీ లేదు, కుదరలేదు, అంతే. అమ్మా నాన్నా పోయారు. తమ్ముడు భువనేశ్వర్‌లో స్థిరపడ్డాడు, వాడింట్లో ఒడియా. నలభై దాటేసరికి, నేను పుట్టి పెరిగిన ఆ తెలుగు నాతో మాట్లాడే మనిషి ఈ నగరంలో ఒక్కరూ మిగల్లేదు.

మా సీనియర్ని అందరం శుభంకర్ దా, అంటే శుభంకర్ అన్న, అని పిలిచేవాళ్లం. హైకోర్టు వెనక సందులో పాత భవనం మొదటి అంతస్తులో ఆయన ఆఫీసు. మంచి లాయరు, ఓపిక తక్కువ మనిషి. ఫైలు చదవకుండా వచ్చిన జూనియర్ని క్లయింటు ముందే కడిగేసేవారు. అది తప్పని ఇప్పటికీ అనుకుంటాను. క్లయింటు ముందు చిన్నబోయిన జూనియరు ఆ తర్వాత తెలియని విషయం తెలియదని చెప్పడం మానేస్తాడు. మా ఆఫీసులో కొన్ని పొరపాట్లు అలాగే జరిగాయి.

కానీ ఆయన చెప్పిన ఒక మాట మీద నా వృత్తి అంతా నడిచింది. చేరిన కొత్తలో అన్నారు: "ప్రభుత్వం ఎప్పుడూ ఇవ్వనని అనదు. పరే అంటుంది. ఇవ్వనన్న మాటకు చట్టంలో మందుంది. పరే అన్నదానికి లేదు. ఆ పరే చేత నా అనిపించడమే నీ పని."

బెంగాలీలో పరే అంటే తర్వాత. నా అంటే కాదు, లేదు. ఆఫీసులో గుమాస్తా దగ్గర నుంచి పై ఇంజనీరు దాకా అందరూ మర్యాదగా, టీ ఇచ్చి మరీ, పరే అంటారు. ఫండు రాలేదు, ఫైలు పైకి వెళ్లింది, సారు సెలవులో ఉన్నారు. ఎవరూ అబద్ధం చెప్పరు, కోపగించుకోరు. మనిషి ఆ మర్యాదలోనే మునిగిపోతాడు.

గడువు

సింహాచలం అన్న మా ఆఫీసుకు వచ్చింది ఒక వానాకాలం మధ్యాహ్నం. యాభై దాటిన మనిషి, నల్లగా, గట్టిగా ఉన్నాడు. తడిసిన చెప్పులు బయటే విడిచి, లోపలికొచ్చి నిలబడ్డాడు. కూర్చోమంటే బల్లకు దూరంగా ఉన్న కుర్చీలో కూర్చున్నాడు. వచ్చీ రాని బెంగాలీలో తన సంగతి మొదలుపెట్టాడు. పేరు వినగానే నేను తెలుగులో, "మీదే ఊరండీ?" అన్నాను.

ఆయన తలెత్తాడు. "టెక్కలి దగ్గరమ్మా. మీరు మనోళ్లేటి?"

"మా నాన్నది పలాస పక్కన."

"అయితే సెల్లెమ్మవే" అని కుర్చీ బల్ల దగ్గరకు జరుపుకున్నాడు. ఆ తర్వాత ఏనాడూ నన్ను లాయరు గారని పిలవలేదు. నేనూ అన్నా అనే పిలిచాను.

ఆయన కథ ఇది. తాపీపని చేసుకుంటూ కలకత్తా పక్కన బడ్జ్ బడ్జ్ వచ్చాడు. జూట్ మిల్లుల క్వార్టర్లకు చిన్న చిన్న రిపేర్లు చేస్తూ, మెల్లగా లైసెన్సు తెచ్చుకుని కాంట్రాక్టరయ్యాడు. ఒక ప్రభుత్వ శాఖకు నది ఒడ్డున ఒక రేవు, దాని పక్కన ఒడ్డు కోసుకుపోకుండా ఒక గోడ కట్టాడు. ఆయన చేసిన పనుల్లో అదే అన్నిటికన్నా పెద్దది. కూలీలంతా ఆయన ఊరివాళ్లూ, చుట్టుపక్కల ఊళ్లవాళ్లూ. వాళ్లకు మేస్త్రీ ఆయన సొంత బావమరిది దాలయ్య. మొదటి బిల్లులు వచ్చాయి. పని సగమయ్యాక రావడం ఆగింది. "మొదలెట్టినది ఒగ్గీకూడదు" అని అప్పు చేసి పూర్తి చేశాడు. రేవు మీద జనం ఎక్కి దిగుతున్నారు, పడవలు ఆగుతున్నాయి. చివరి బిల్లులు మాత్రం రాలేదు. కాంక్రీటు కలిపే మిషను అమ్మాడు. భార్య గాజులు అమ్మాడు. కూలీలకు ఇవ్వాల్సింది ఇంకా మిగిలే ఉంది.

"పని ఎప్పుడు పూర్తయింది అన్నా?" అని అడిగాను.

ఆయన చెప్పాడు. వేళ్ల మీద లెక్కపెట్టాను. చేసిన పనికి డబ్బు అడగడానికి చట్టం ఇచ్చే గడువు మూడేళ్లు. అది ఇక కొద్ది వారాల్లో ముగుస్తుంది.

"ఇన్నాళ్లూ ఏం చేశావు?"

"తిరిగినాను. వారానికోసారి ఎల్లినాను. అందరూ మంచోళ్లేనమ్మా. ఇచ్చెత్తామనే అన్నారు."

హారికా, ఇది గుర్తుపెట్టుకో. మన దగ్గరకు వచ్చే వాళ్లలో చాలామంది, ఆఫీసు చుట్టూ తిరిగినంతకాలం తమ హక్కు బతికే ఉంటుందనుకుంటారు. తిరుగుడు గడువును ఆపదు. ఇచ్చేస్తామని నోటితో చెప్పిన మాటా ఆపదు. బాకీ ఉన్నామని వాళ్లు రాతపూర్వకంగా ఒప్పుకుంటే ఆ రోజు నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది. అందుకే తెలివైన ఆఫీసరు నోటితో ఎన్ని మాటలైనా ఇస్తాడు గానీ కాగితం మీద ఒక్కటీ పెట్టడు.

ఏ దారిన వెళ్లాలని శుభంకర్ దాతో కూర్చున్నాం. బాకీ ఉన్నామని ఒప్పుకుని కూడా ఇవ్వకపోతే, ఇవ్వమని ఆదేశించమంటూ హైకోర్టులో రిట్ వేయవచ్చు. త్వరగా తేలే దారి అది. కానీ బాకీ అడుగుతూ మేం పంపిన నోటీసు అందగానే శాఖవాళ్లు కొలతలు సరిగా లేవన్నారు. అంతకు ముందు ఏనాడూ అనని మాట అది. కొలతల తగాదా వచ్చిందంటే రిట్‌లో తేల్చరు, వేరే చోటికి వెళ్లమంటారు. చిన్న పరిశ్రమలకు ఆలస్యమైన బాకీలు ఇప్పించే కౌన్సిల్ ఉంది, వడ్డీ కూడా గట్టిగానే వేస్తుంది. కానీ సింహాచలం అన్న ఈ పని పట్టేనాటికి అందులో నమోదు చేసుకోలేదు. చేసుకోవాలని ఆయనకు ఎవరూ చెప్పలేదు. ఇక మిగిలింది ఒప్పందంలోనే రాసి ఉన్న ఆర్బిట్రేషన్. అంటే ఇద్దరికీ సంబంధం లేని మూడో మనిషి కూర్చుని, సాక్ష్యం విని, తీర్పు చెప్పడం.

ఆర్బిట్రేషన్ కోరుతున్నామని పంపిన నోటీసు అవతలివాళ్లకు అందిన రోజున గడువు లెక్క ఆగుతుంది. పోస్టును నమ్మక, నేనే ట్యాక్సీలో వెళ్లి ఆ ఆఫీసులో ఇచ్చి ముద్ర వేయించుకున్నాను. సింహాచలం అన్న గుమ్మం బయటే ఉన్నాడు. లోపలికి రమ్మంటే, "ఆళ్ల మొకం సూసి గొడవెట్టుకోలేనమ్మా. ఎల్లినప్పుడల్లా టీ ఇచ్చినోళ్లు" అన్నాడు.

సంతకం

ఆ తర్వాత శాఖ ఆర్బిట్రేటర్ని నియమించలేదు. దానికి మళ్లీ హైకోర్టుకు వెళ్లాలి, వెళ్లాం. ఈలోగా దుర్గాపూజ వచ్చింది.

పూజకు ముందు కూలీలు సింహాచలం అన్న ఇంటికి వచ్చి అరుగు మీద కూర్చున్నారు. గొడవేమీ చేయలేదు, ఊరికే కూర్చున్నారు. దాలయ్య కూడా వాళ్లలోనే కూర్చున్నాడు. అన్నం తినమని అక్క పిలిస్తే లోపలికి వెళ్లలేదు. మర్నాడు శాఖ నుంచి కబురొచ్చింది. అడిగినదాంట్లో కొంత ఇస్తారట. ఇక నాకు ఏమీ రావాల్సింది లేదు అన్న కాగితం మీద సంతకం పెట్టాలట.

సింహాచలం అన్న నాకు చెప్పకుండా వెళ్లి సంతకం పెట్టాడు. చెక్కు తీసుకుని, మారాక, ఉన్నదంతా కూలీలకు పంచాడు. ఆ మర్నాడు మా ఆఫీసుకొచ్చి చెప్పాడు.

నాకు ఒళ్లు మండింది. "ఒక్క ఫోను చేయలేకపోయావా అన్నా?"

"సేత్తే ఒద్దంతావు కదమ్మా."

"అవును, వద్దనేదాన్ని."

"నువ్వొద్దంతే నాను మానాల. మానితే ఆళ్లకి ఏటి సెప్పాల? కోర్టు తీరుపొచ్చేదాకా పిల్లలకి అన్నం ఎట్టొద్దని సెప్పాలా?"

చట్టప్రకారం ఆయన చేసింది తప్పు. ఆ అరుగు మీద కూర్చున్నది నేను కాదు. లాయరు సలహా ఇచ్చి తన ఇంటికి తాను పోతాడు, క్లయింటు ఆ సలహాతో పాటే పడుకోవాలి, లేవాలి. ఇది అర్థం కాని లాయర్లు చాలామంది ఉన్నారు. తమ మాట వినలేదని అలిగి ఫైలు వెనక్కి ఇచ్చేసిన వాళ్లనూ చూశాను.

శుభంకర్ దా మాత్రం ఆ రోజు ఎవరినీ తిట్టలేదు. "గతిలేక పెట్టిన సంతకం మనిషిని కట్టెయ్యదు. కానీ గతిలేకే పెట్టానని వెంటనే చెప్పాలి. ఏడాది తర్వాత గుర్తొస్తే ఎవరూ నమ్మరు" అన్నారు. ఆ సాయంత్రమే, ఇది ఇష్టపడి పెట్టిన సంతకం కాదని, మిగతా బాకీ వదులుకోలేదని శాఖకు రాసి పంపాం.

చౌధురి గారు

ఆర్బిట్రేటరుగా ఒక రిటైర్డు జడ్జిని హైకోర్టు నియమించింది. విచారణ ఒక అద్దె హాల్లో జరిగేది. పక్క గదిలో ఎవరివో పెళ్లిచూపులు, బీమా ఏజెంట్ల మీటింగులు నడుస్తూ ఉండేవి. శాఖ లాయరు ఆ సంతకం కాగితాన్నే పట్టుకున్నాడు. అన్నీ ముట్టాయని రాసిచ్చాక ఇంకేం అడుగుతున్నారన్నాడు. కొలతలు తప్పనే మాట కూడా ఉంది.

శాఖ తరఫున సాక్షి చౌధురి గారు. రేవు కట్టినప్పుడు ఆయనే సైటు ఇంజనీరు. రిటైరవడానికి ఇంక కొద్దికాలమే ఉంది. సన్నగా, ఇస్త్రీ చొక్కాలో, చేతిసంచీ ఒళ్లో పెట్టుకుని కూర్చున్నారు. ప్రశ్నలు వేయాల్సింది నేను.

"రేవు ఇప్పుడు వాడకంలో ఉందా?"

"ఉంది. నేనూ ఎక్కుతాను."

"కొలతలు ఎవరు తీశారు?"

"నేనే."

"వాటి మీద మీకేమైనా అనుమానం ఉందా?"

"లేదు."

"మీ శాఖ జవాబులో తప్పుందని రాశారు కదా."

"ఆ జవాబు నేను రాయలేదు. నన్ను అడగలేదు."

శాఖ లాయరు కాగితాలు తిరగేయడం ఆపాడు. నేను సంతకం కాగితం ముందు పెట్టాను. "ఇది సింహాచలం గారు చదివి సంతకం పెట్టారా?"

"ఆయనకు ఇంగ్లీషు రాదు. నేనే చదివి చెప్పాను. పెట్టకపోతే చెక్కు ఇవ్వనని కూడా చెప్పాను."

"ఎందుకలా చెప్పారు?"

"అలా చెప్పమని నాకు చెప్పారు. అదీగాక, అది నిజం. పెట్టకపోతే ఇచ్చేవాళ్లం కాదు."

నేను ఇంకో ప్రశ్నకు నోరు తెరిచాను. పక్కన కూర్చున్న శుభంకర్ దా బల్ల కింద నుంచి నా కాలు తొక్కారు. నేను కూర్చున్నాను. సాక్షి నిజం చెప్పాక ఇంకేమీ అడగకూడదు. అడిగితే దాన్ని మెరుగుపెట్టబోయి చెడగొడతాం. ఈ పనిలో మాట్లాడటం కన్నా ఆగడమే నేర్చుకోవడం కష్టం.

విచారణ ముగిశాక శాఖవాళ్లు కారులో వెళ్లిపోయారు. చౌధురి గారిని వాళ్లతోపాటు ఎక్కమనలేదు. ఆయన సంచీ చంకలో పెట్టుకుని ఫుట్‌పాత్ మీద బస్సు కోసం నిలబడ్డారు. ఎదురుగా టీ కొట్టు దగ్గర మేమున్నాం. సింహాచలం అన్న ఒక మట్టి ముంతలో టీ తీసుకుని రోడ్డు దాటి వెళ్లాడు.

"చౌధురి దా, చా ఖాన్" అన్నాడు.

ఆయన తీసుకున్నారు. ఇద్దరూ పక్కపక్కన నిలబడి తాగారు. నేను కూడా దాటి వెళ్లి, "మీకు ఇబ్బంది అవుతుందేమో" అన్నాను.

"అవుతుంది" అన్నారు ఆయన. "ఆఫీసులో భోజనాల బల్ల దగ్గర నా పక్కన కుర్చీ ఖాళీగా ఉంటుంది. ఇంకేం చేస్తారు, రిటైరయ్యేవాణ్ణి." బస్సు వచ్చింది. ముంత డబ్బాలో పడేసి ఎక్కారు.

తర్వాత ఆయన్ను నేను చూడలేదు. వీడ్కోలు సభకు నలుగురైదుగురే వచ్చారని ఎవరో చెప్పారు. మనం గెలిచే ప్రతి ఇలాంటి కేసులోనూ అవతలి పక్షాన ఒక మనిషి ఉంటాడు, కాగితాల కన్నా అతని వల్లే మనం గెలుస్తాం. తీర్పులో అతని పేరు సాక్షి అని మాత్రమే ఉంటుంది.

వాయిదాల మధ్య

తీర్పు మాకు అనుకూలంగా వచ్చింది. ఒక్క దెబ్బ తగిలింది. ఆలస్యమైన చెల్లింపులకు వడ్డీ ఇవ్వబడదని ఒప్పందంలో ఎక్కడో ఒక వాక్యం ఉంది. సంతకం పెట్టేటప్పుడు ఎవరూ చదవరు దాన్ని. ఆ వాక్యం వల్ల ఆర్బిట్రేటర్ అసలుతోపాటు పాత ఏళ్ల వడ్డీ ఇవ్వలేకపోయారు. తీర్పు నాటి నుంచి వడ్డీ ఇచ్చారు.

గెలిచాం కదా, ఇక డబ్బు ఇస్తారనుకుంటారు. ఇవ్వరు. తీర్పు కొట్టేయమని కోర్టుకు వెళతారు. అందులో పసలేదని వాళ్ల లాయరుకూ తెలుసు. ఒకసారి క్యాంటీన్‌లో అడిగితే ఆయన నవ్వి, "దీదీ, ఇవ్వమని సంతకం పెట్టినవాడిని రేపు ఆడిట్ అడుగుతుంది. కోర్టు ఇవ్వమంటే ఎవరినీ అడగదు" అన్నాడు. ఆ మాట నిజం. ప్రభుత్వంలో చెడ్డవాళ్ల వల్ల ఆగిన బిల్లులు నేను కొన్నే చూశాను. భయస్తుల వల్ల ఆగినవే ఎక్కువ.

డబ్బు కోర్టులో జమ చేస్తేనే స్టే అని జడ్జి అన్నారు. జమ చేశారు. ఆ తర్వాత కేసు వాయిదాల్లో పడింది.

ఆ కాలమంతా సింహాచలం అన్న నెలనెలా వచ్చేవాడు. సియాల్దా దాకా లోకల్ రైల్లో వచ్చి, అక్కడి నుంచి బస్సు. రావక్కర్లేదు, ఫోను చాలని చెప్పాను. వినలేదు. వాయిదా పడితే "ఎప్పుడికి?" అని ఒక్క మాట అడిగేవాడు. తర్వాత మాట్లాడుకునేవాళ్లం. ఆయన ఇంటి నుంచి ఎండుచేపలో, తంపటేసిన చిలగడదుంపలో తెచ్చేవాడు. ఆ మధ్యలోనే శుభంకర్ దా చనిపోయారు. సాయంత్రాలు ఆ ఆఫీసులో నేనొక్కదాన్నే. జూనియర్లు ఐదింటికల్లా వెళ్లిపోయేవారు.

ఆయన నోట ఏటి, ఎవులు, బేగి, నేదు వినబడేవి. చిన్నప్పుడు అమ్మ కేకలేసిన మాటలు. నేను మాట్లాడుతున్నది పుస్తకాల తెలుగని మొదట్లో ఆయన నవ్వేవాడు. తర్వాత తర్వాత నా నోటికీ ఆ మాటలు తిరిగొచ్చాయి. ఒకరోజు నేను "అలగెందుకన్నా" అంటే, ఆయన టీ తాగుతూ ఆగి, "మా అప్ప అన్నట్టే అన్నావు" అన్నాడు. అప్పంటే అక్క. ఆ రోజు ఇంటికి వెళుతూ బస్సులో అదే మాట పెదాల మీద అనుకుంటూ వెళ్లాను.

ఆయనకు ఇంట్లో మనశ్శాంతి లేదు. పూజకు ముందు అరుగు మీద కూర్చున్న తర్వాత దాలయ్య ఊరికి వెళ్లిపోయాడు, మాటలు లేవు. భార్యకు తమ్ముడు, ఒక్కగానొక్కడు. ఆమె ఈయన్నీ ఏమీ అనేది కాదు, తమ్ముణ్నీ ఏమీ అనేది కాదు. "అదేటైనా తిడితే బాగుణ్ను" అనేవాడు.

వాయిదా పడ్డ రోజుల్లో ఆయన మొహం చూసి నాకు బాధగానే ఉండేది. అయినా వచ్చే నెల మళ్లీ వస్తాడన్న సంగతి ఒకటి మనసులో ఉండేది. వాయిదా నేను అడగలేదు, ఏనాడూ అడగలేదు. గట్టిగానే వాదించాను. కానీ ఆయన ఎదురుచూసినంతగా ఆ కేసు ముగియాలని నేను ఎదురుచూశానని చెప్పలేను. ఈ వృత్తిలో చేరేవాళ్లకు ఇది ఎవరూ చెప్పరు. ఏళ్లతరబడి ఒక మనిషి కష్టం మీ బల్ల మీద ఉంటుంది. ఆ మనిషి అలవాటవుతాడు.

డబ్బు వచ్చాక

శాఖ పిటిషన్ కొట్టేశారు. పైకి వెళ్లారు, అక్కడా కొట్టేశారు. డబ్బు సింహాచలం అన్న ఖాతాలో పడింది.

ఆయన ముందు అప్పులు తీర్చలేదు. రైలెక్కి ఊరికి వెళ్లి, బాకీ ఉన్న ప్రతి కూలీ ఇంటికీ వెళ్లాడు. ఇద్దరు పోయారు, వాళ్ల ఆడవాళ్లకు ఇచ్చాడు. చివరగా దాలయ్య దగ్గరకు వెళ్లాడు. తిరిగొచ్చాక మా ఆఫీసుకు వచ్చి ఈ సంగతంతా చెప్పాడు.

"దాలయ్య ఏమన్నాడన్నా?"

"తీసుకున్నాడు."

"మాట్లాడాడా?"

"మంచినీల్లిచ్చాడు. కూకోమన్నేదు." అంతలోనే అన్నాడు, "ఆడి తప్పు నేదమ్మా. ఆడు నన్ను నమ్మి అందర్నీ తెచ్చినాడు. అందరూ ఆణ్నే కదా అడిగినారు ఇన్నేళ్లూ."

ఆలస్యానికి చట్టం వడ్డీ కట్టగలదు, అదీ ఒప్పందం ఒప్పుకుంటే. ఆయన దాలయ్య వాకిట్లో నిలబడాల్సి వచ్చినదానికి అదేమీ కట్టలేదు. మన దగ్గరకు వచ్చేవాళ్లకు ఈ సంగతి మొదటి రోజే తెలుసు. డబ్బు వస్తే అంతా మునుపటిలా అవుతుందని నమ్మేది మనమే.

వెళ్లడానికి లేచి, గుమ్మం దగ్గర ఆగాడు. "ఇంక నాను రానక్కర్లేదు కదమ్మా?"

"అక్కర్లేదన్నా. అయిపోయింది."

"అయిపోయింది" అని తనలో తాను అనుకున్నట్టు అన్నాడు. ఆయన భుజాలు దిగాయి. అంత తేలిగ్గా ఆయన నిలబడ్డం నేను ఎప్పుడూ చూడలేదు. చెప్పులు వేసుకుని, చెక్క మెట్లు దిగి వెళ్లాడు. ఆ మెట్లు ఎవరు దిగినా లోపలికి వినబడతాయి. కింద చివరి మెట్టు దాకా విన్నాను.

నెల తిరిగింది, రాలేదు. ఎందుకొస్తాడు? మన పని సరిగా చేశామనడానికి గుర్తు, ఆ మనిషి మళ్లీ మన గుమ్మం తొక్కకపోవడమే. ఇది నేను జూనియర్లకు ఎన్నోసార్లు చెప్పిన మాట. చెప్పడం తేలిక.

ఆఫీసు ఖాళీ చేసి, న్యూ టౌన్ ఫ్లాట్‌కు మారాక ఒక సాయంత్రం ఆయనకు ఫోన్ చేశాను. పనేమీ లేదు. ఆ రోజంతా ఎవరితోనూ మాట్లాడలేదు, అంతే. ఎలా ఉన్నాడో, వదిన ఎలా ఉందో అడుగుదామనుకున్నాను. రెండు రింగులకే ఎత్తాడు.

"అన్నా, నేను" అన్నాను.

అవతల గొంతు వచ్చింది, నేను ఎప్పుడూ వినని చిన్న గొంతు. "ఏటమ్మా? కేసు మల్లీ ఏటైనా తిరగబడిందా?"

"లేదన్నా. కేసేమీ లేదు. ఊరికే చేశాను."

"ఊరికేనా?"

"ఊరికే."

ఆయన గట్టిగా ఊపిరి వదలడం వినబడింది. వెనక భార్య ఏదో అడిగింది. ఫోను చేత్తో మూసి, "ఏటి నేదు, ఏటి నేదు, లాయరమ్మే, ఊరికే సేసింది" అని ఆమెకు చెప్పాడు. ఆమె ఇంకోసారి అడిగింది, ఆయన ఇంకోసారి చెప్పాడు. తర్వాత నాతో మాట్లాడాడు. బాగున్నాడట, వదిన బాగుందట, బడ్జ్ బడ్జ్ రమ్మన్నాడు. మంచిగానే మాట్లాడాడు. కానీ ప్రతి మాట తర్వాతా కాస్త ఆగుతున్నాడు. నేను అసలు సంగతి ఇప్పుడు చెబుతానేమోనని ఆ ఆగడం. చెప్పడానికి నా దగ్గర ఏ సంగతీ లేదని ఆయనకు చివరిదాకా నమ్మకం కుదరలేదు.

నేనే ముందు పెట్టేశాను. ఆయనకు నా గొంతంటే ఆ కేసే. అన్ని ఏళ్లు మంచివార్తకైనా చెడ్డవార్తకైనా ఆ గొంతే ఆ ఇంట్లో మోగింది. నాకది మా అమ్మ మాట్లాడిన తెలుగు. ఆయనకది వాయిదా.

తర్వాత మళ్లీ ఫోన్ చేయలేదు. ఆయన నంబరు ఫోన్లోంచి తీసేశాను, ఏదో ఒక సాయంత్రం వేలు దాని మీదకు పోకుండా.